ఛాతీ గాయానికి చికిత్స అయ్యాక వచ్చే విజిట్లు: కోడ్ చివరి అక్షరం ఎలా ఎంచుకోవాలి

(బరంపురంలో మెడికల్ కోడింగ్ నేర్చుకుంటున్న తెలుగు విద్యార్థుల కోసం ఏర్పాటు చేసిన సభలో చేసిన ప్రసంగం. రాలేకపోయినవారి కోసం రికార్డింగు విని రాసిన పాఠం ఇది.)

అందరికీ నమస్కారం. గుణుపురం నుంచి, పర్లాకిమిడి నుంచి, రాయగడ నుంచి వచ్చినవాళ్లున్నారని చెప్పారు. ఇచ్ఛాపురం నుంచి సరిహద్దు దాటి వచ్చినవాళ్లూ ఉన్నారట. చాలా సంతోషం. ఇంత దూరం వచ్చారు కాబట్టి మీ సమయం వృథా చేయకుండా నేరుగా విషయంలోకి వెళ్తాను.

మీలో ఎక్కువమంది బీఎస్సీ, బీఫార్మసీ, నర్సింగ్ చదివినవాళ్లు. కోడింగ్ ఉద్యోగం కోసం విశాఖపట్నమో హైదరాబాదో వెళ్లాలనుకుంటున్నవాళ్లు. "కోడింగ్ గురించి అంతా చెప్పండి" అని నిర్వాహకులు అడిగారు. అంతా ఒక పూటలో చెప్తే ఏదీ చెప్పినట్టు కాదు. అందుకని ఒక్క సంగతే తీసుకున్నాను. ఛాతీకి దెబ్బ తగిలింది. ఆసుపత్రిలో చేరారు, చికిత్స జరిగింది, ఇంటికి వెళ్లారు. ఆ తర్వాత మళ్లీ డాక్టరు దగ్గరికి వస్తారు. రెండు వారాలకు ఒకసారి, ఆరు వారాలకు ఒకసారి, కొందరైతే రెండేళ్ల తర్వాత కూడా. ఆ విజిట్లకు కోడ్ ఎలా వేయాలి?

ఎందుకు ఇదే తీసుకున్నాను? కొత్తగా చేరినవాళ్ల పనిని సరిచూడడం నా ఉద్యోగం. ఎక్కువ దిద్దుబాట్లు పడే చోటు ఇదే. గాయం పేరు సరిగ్గా పట్టుకుంటారు, ఎడమా కుడీ సరిగ్గా పట్టుకుంటారు, చివరి అక్షరం దగ్గర జారిపోతారు. ఆ ఒక్క అక్షరం మారితే, నయమవుతున్న మనిషి కాగితం మీద కొత్తగా దెబ్బ తగిలించుకున్నవాడు అవుతాడు. బీమా కంపెనీ క్లెయిమును వెనక్కి పంపుతుంది. ఆ బిల్లు గురించి రోగి ఇంటికి ఉత్తరం వెళ్తుంది. అమెరికాలో ఆ ఉత్తరం అందుకునేది నొప్పితో లేచి కూర్చోలేని మనిషి. మనం ఇక్కడ కూర్చుని వేసిన అక్షరం అక్కడ అంత దూరం వెళ్తుంది.

వెనక వరుసల్లో తల్లిదండ్రులు కూడా కూర్చున్నారు. అమ్మా, మీ పిల్లలు చేయబోయే పని ఏమిటో రెండు మాటల్లో చెప్తాను. అమెరికాలో డాక్టరు రోగిని చూసి, చూసినదంతా రాస్తారు. ఆ రాతను చదివి, ఏ జబ్బు, ఏ గాయం, ఏ చికిత్స అన్నది నిర్ణీతమైన కోడ్‌లలోకి మార్చాలి. ఆ కోడ్‌లు చూసే బీమా సంస్థ డబ్బు చెల్లిస్తుంది. ఆ చదివి మార్చే పని మన పిల్లలది. డేటా ఎంట్రీ కాదిది. శరీరం తెలియాలి, నియమాలు తెలియాలి, ఓపికగా చదవడం తెలియాలి.

సరే, పుస్తకం దగ్గరికి వద్దాం. అమెరికాలో జబ్బులకూ గాయాలకూ వాడేది ఐసీడీ-10-సీఎం అనే కోడ్ పుస్తకం. 2015 అక్టోబరు 1 నుంచి అక్కడ అమల్లో ఉంది. అంతకు ముందు ఐసీడీ-9-సీఎం. ఈ పాత సంగతి ఎందుకు చెప్తున్నానంటే, పాత పద్ధతిలో విరిగిన ఎముక అతుకుతున్న కాలానికి వేరే కోడ్‌లు ఉండేవి, ‘వి54’ అనే వరుసలో. మొదటిసారి గాయం కోడ్, తర్వాత సంరక్షణ కోడ్. కొత్త పద్ధతి దాన్ని తీసేసింది. ఇప్పుడు గాయం కోడ్ మొదటి నుంచి చివరి దాకా అదే. మారేది కోడ్ చివర వచ్చే ఏడో అక్షరం ఒక్కటే. పాత అలవాటుతో పాఠాలు చెప్పేవాళ్లు ఇంకా ఉన్నారు. తర్వాతి విజిట్ అనగానే ‘జెడ్’ కోడ్, అంటే తర్వాతి సంరక్షణను చెప్పే ‘జెడ్’తో మొదలయ్యే కోడ్, వేసేయమంటారు. గాయాల విషయంలో అది చెల్లదు. దీని దగ్గరికి మళ్లీ వస్తాను.

ఛాతీ గాయాలన్నీ ‘ఎస్20’ నుంచి ‘ఎస్29’ దాకా ఉంటాయి. ఎస్20 పైపై దెబ్బలు, కమిలిన గాయాలు. ఎస్21 తెగిన గాయాలు. ఎస్22 ఎముకలు. పక్కటెముకలు, రొమ్ముటెముక, ఛాతీ భాగంలోని వెన్నుపూసలు కూడా ఇందులోనే. ఎస్26 గుండె. ఎస్27 ఊపిరితిత్తులూ లోపలి ఇతర అవయవాలూ. మెడ ఎముక, అంటే కాలర్ బోన్, ఛాతీ పైనే కనిపిస్తుంది కదా, ఎస్22లో వెతుకుతారు. అక్కడ ఉండదు. భుజం గాయాల కింద ఎస్42లో ఉంటుంది. భుజం రెక్క ఎముక కూడా అక్కడే.

పక్కటెముకల దగ్గర కొంచెం ఆగుదాం, ఎక్కువ చార్టులు, అంటే మనం చదివే డాక్టరు రాతలు, వాటివే కాబట్టి. ఒక పక్కటెముక విరిగితే ఎస్22.3. కుడివైపు అయితే ఎస్22.31, ఎడమవైపు అయితే ఎస్22.32. ఒకటి కంటే ఎక్కువ విరిగితే ఎస్22.4. కుడి 41, ఎడమ 42, రెండు వైపులా అయితే 43. మూడు గానీ అంతకంటే ఎక్కువ గానీ పక్కపక్క ఎముకలు, ఒక్కొక్కటీ రెండేసి చోట్ల విరిగితే ఛాతీ గోడలో ఒక ముక్క విడిపోతుంది. ఊపిరి పీల్చినప్పుడు ఛాతీ అంతా పైకి లేస్తుంటే ఆ ముక్క మాత్రం లోపలికి పోతుంది. దాన్ని ఫ్లెయిల్ చెస్ట్ అంటారు. దానికి ఎస్22.5 అని వేరే కోడ్ ఉంది. అయితే ఒక మాట. చార్టులో డాక్టరు ఆ పేరు రాస్తేనే ఆ కోడ్. ఎముకలు లెక్కపెట్టి మీరు తీర్మానించకూడదు.

ఇప్పుడు అసలు విషయం. ఏడో అక్షరం. ఎస్22 ఎముకలకు ఏడో అక్షరాలు ఆరు. ‘ఎ’, ‘బి’, ‘డి’, ‘జి’, ‘కె’, ‘ఎస్’. చికిత్స జరుగుతున్న దశలో, ఎముక విరిగి చర్మం తెగకపోతే ‘ఎ’, చర్మం తెగి గాయం తెరుచుకుని ఉంటే ‘బి’. డాక్టరు ఏదీ రాయకపోతే మూసి ఉన్నదనే తీసుకోవాలని నియమం. ‘డి’ అంటే మామూలుగా అతుకుతోంది. ‘జి’ అంటే అతుకు ఆలస్యమవుతోంది. ‘కె’ అంటే అతకలేదు. ‘ఎస్’ అంటే గాయం మిగిల్చిన ఇబ్బంది. ఊపిరితిత్తి లాంటి మిగతా గాయాలకు మూడే. ‘ఎ’, ‘డి’, ‘ఎస్’.

‘ఎ’ని ఇనిషియల్ ఎన్‌కౌంటర్ అంటారు, ‘డి’ని సబ్సీక్వెంట్ ఎన్‌కౌంటర్ అంటారు. అందరూ పడిపోయేది ఇక్కడే. మొదటి విజిట్ అయితే ‘ఎ’, రెండో విజిట్ నుంచి ‘డి’ అనుకుంటారు. కాదు. ఎన్నోసారి వచ్చాడన్నది అసలు లెక్కే కాదు. ఇవాళ అతనికి ఆ గాయానికి చురుగ్గా చికిత్స జరుగుతోందా, లేక చికిత్స అయిపోయి కోలుకునే దశలో ఉన్నాడా? ఇదొక్కటే ప్రశ్న. చికిత్స జరుగుతున్నంత కాలం పది విజిట్లయినా ‘ఎ’. కోలుకుంటున్న దశ మొదలైతే, ఈ డాక్టరు అతన్ని చూడడం ఇదే మొదటిసారి అయినా ‘డి’. మళ్లీ చెప్తున్నాను, రాసుకోండి. డాక్టరు కొత్తవారా పాతవారా అన్నది కాదు, చికిత్స ఏ దశలో ఉందన్నది.

చురుకైన చికిత్స అంటే ఏమిటి? ఆపరేషను. అత్యవసర విభాగంలో చూడడం. డాక్టరు మారినా గాయాన్ని పరీక్షించి చికిత్స కొనసాగించడం. ఇవన్నీ ‘ఎ’. కోలుకునే దశ అంటే ఏమిటి? అతుకు చూడడానికి ఎక్స్‌రే తీయడం, మందులు తగ్గించడం, లోపల పెట్టిన పరికరం తీయడం, కట్టు మార్చడం. ఇవి ‘డి’.

పుస్తకాల్లో ఉదాహరణగా చేతికో కాలికో వేసిన పిండికట్టు తీయడాన్ని చూపిస్తారు. పక్కటెముకకు పిండికట్టు ఎక్కడ వేస్తారు? వేయరు. ఛాతీ చుట్టూ గట్టిగా బిగించి కట్టే పద్ధతి ఒకప్పుడు ఉండేది, దాన్ని కూడా వదిలేశారు. కట్టు బిగిస్తే లోతుగా ఊపిరి తీయలేరు, దగ్గలేరు, కఫం లోపలే నిలిచి న్యుమోనియా వస్తుంది. అందుకని పక్కటెముకకు చికిత్స అంటే ప్రధానంగా నొప్పి తగ్గించడం, ఊపిరి బాగా తీయించడం. మూడు బంతులున్న ప్లాస్టిక్ పరికరం మీరు చూసే ఉంటారు, పీలిస్తే బంతులు పైకి లేస్తాయి. నర్సింగ్ చదివినవాళ్లు తలలు ఊపుతున్నారు. అదే. కాబట్టి ఛాతీ చార్టులో కోలుకునే దశ ఆనవాళ్లు వేరుగా ఉంటాయి. "బంతుల పరికరం వాడుతున్నాడు, నొప్పి మాత్రలు తగ్గించాం, రెండు మెట్ల వరసలు ఎక్కినా ఆయాసం లేదు" అని ఉంటుంది. కట్టు కోసం వెతికితే దొరకదు. ఇలాంటి వాక్యాల కోసం చూడాలి.

ఇంకొక నియమం ఉంది. మన ఊళ్ల సంగతి చెప్తే తేలిగ్గా బోధపడుతుంది. కొబ్బరి చెట్టు ఎక్కినవాడు జారి పడ్డాడు అనుకోండి. పక్కన నొప్పి. పెద్దాసుపత్రికి వెళ్లలేదు, ఊళ్లో కట్టు కట్టే ఆయన దగ్గరికి వెళ్లాడు, నూనె రాయించుకున్నాడు, మూడు వారాలు ఓర్చుకున్నాడు. ఇక తట్టుకోలేక ఆసుపత్రికి వచ్చాడు. ఎక్స్‌రేలో ఎముక విరిగినట్టు తేలింది. ఇప్పుడు అక్షరం ఏది? మూడు వారాలైంది కదా, ‘డి’ అంటారా? కాదు. చికిత్సకు ఆలస్యంగా వచ్చినా, వచ్చిన రోజున చికిత్స మొదలవుతోంది కాబట్టి ‘ఎ’. మార్గదర్శకాల్లో ఇది స్పష్టంగా రాసి ఉంది. అమెరికాలోనూ బీమా లేనివాళ్లు, ఒంటరిగా ఉండే ముసలివాళ్లు ఇలాగే ఆలస్యంగా వస్తారు. తేదీలు చూసి అక్షరం వేయకండి. చికిత్స చూసి వేయండి.

ఒక చార్టు చదువుదాం

ఇది పాఠం కోసం నేను తయారుచేసిన చార్టు. నిజమైన రోగిది కాదు. మీకిచ్చిన కాగితాల్లో మొదటిది. అక్కడ ఇంగ్లీషులో ఉంది, నేను తెలుగులో చెప్తాను. వయసు 61. ఇంటి చూరు గొట్టంలో ఆకులు తీస్తూ నిచ్చెన మీంచి పడ్డాడు. ఎడమవైపు ఐదు, ఆరు, ఏడు పక్కటెముకలు విరిగాయి. విరిగిన ఎముక కొన గుచ్చుకుని ఊపిరితిత్తి చుట్టూ గాలి చేరింది, న్యూమోథొరాక్స్ అంటారు. ఛాతీలో ట్యూబు పెట్టి గాలి తీశారు. నాలుగో రోజు ట్యూబు తీసి ఇంటికి పంపారు. ఇప్పుడు రెండు వారాల తర్వాత క్లినిక్కుకు వచ్చాడు. మన ముందున్నది ఈ విజిట్.

డాక్టరు ఏమి రాశారో ఒక్కొక్క వాక్యం చూడండి. "ఆయాసం లేదు. నొప్పి తగ్గుతోంది, రాత్రి మాత్రమే మాత్ర వేసుకుంటున్నాడు." కోలుకునే దశ. "ట్యూబు పెట్టిన చోట గాయం శుభ్రంగా మానింది, కుట్టు తీశాను." ఇక్కడ కుట్టు తీశారు. గుర్తుపెట్టుకోండి, దీని దగ్గరికి వస్తాం. "ఎక్స్‌రేలో ఊపిరితిత్తి పూర్తిగా విచ్చుకుంది. ఎముకలు వరసలోనే ఉన్నాయి, అతుకు మొదలైంది." అక్షరాన్ని తేల్చే వాక్యం ఇదే. "నాలుగు వారాల తర్వాత రావాలి."

కోడ్‌లు ఏమిటి? ముందు ఏది రాయాలి? ఎస్22 దగ్గర పుస్తకంలో ఒక సూచన ఉంటుంది. లోపలి అవయవ గాయం ఉంటే దాన్ని ముందు రాయమని. కాబట్టి ముందు ఎస్27.0ఎక్స్ఎక్స్‌డి, గాయం వల్ల వచ్చిన న్యూమోథొరాక్స్. తర్వాత ఎస్22.42ఎక్స్‌డి, ఎడమవైపు ఒకటికి మించి పక్కటెముకలు, మామూలుగా అతుకుతున్నాయి. ఆ మధ్యలో ఎక్స్‌లు ఎందుకు? ఏడో అక్షరం ఏడో స్థానంలోనే కూర్చోవాలి. మధ్యలో ఖాళీ ఉంటే ఎక్స్‌తో నింపాలి. నింపకపోతే కోడ్ చెల్లదు.

ఆ తర్వాత దెబ్బ ఎలా తగిలిందో చెప్పే కోడ్. నిచ్చెన మీంచి పడడం డబ్ల్యూ11. ఇక్కడా ‘డి’ వస్తుంది, డబ్ల్యూ11.ఎక్స్ఎక్స్ఎక్స్‌డి. కారణం కోడ్ చికిత్స నడిచినంత కాలం వెంట నడవవచ్చు. పడిన స్థలం, పడినప్పుడు చేస్తున్న పని, వీటికి వై92, వై93 అని ఉంటాయి. అవి మాత్రం మొదటి చికిత్స నాడు ఒక్కసారే. తర్వాతి విజిట్లలో మళ్లీ రాయకూడదు. ఈ కారణం కోడ్‌ల గురించి పిల్లలు ఆసక్తిగా అడుగుతుంటారు. చెట్టు మీంచి పడితే డబ్ల్యూ14. ఎద్దు కుమ్మితే డబ్ల్యూ55.22, ఆవు కోడ్‌లోనే ఎద్దు కుమ్మడాన్నీ చేర్చారు. మన గంజాం రైతు సంగతి కూడా ఆ పుస్తకంలో ఉందన్నమాట.

ఇప్పుడు ఆ కుట్టు సంగతి. కుట్లు తీయడానికి జెడ్48.02 అని కోడ్ ఉంది. ట్యూబులు తీయడానికి జెడ్48.03 ఉంది. చూడగానే వేయాలనిపిస్తుంది. వేయకూడదు. కోడ్‌లోనే ఏడో అక్షరంతో తర్వాతి సంరక్షణ చెప్పే వీలున్న గాయాలకు సంరక్షణ ‘జెడ్’ కోడ్‌లు వాడవద్దని మార్గదర్శకం. ఆ ‘డి’లోనే కుట్టు తీయడం, ట్యూబు తీయడం, ఎక్స్‌రే చూడడం అన్నీ ఇమిడి ఉన్నాయి. ఛాతీ మీద కత్తి గాటు పడి, కుట్లు తీయించుకోవడానికి మాత్రమే వచ్చినా ఇదే పద్ధతి. గాటు ఛాతీ లోపలికి దిగకుండా కుడివైపు ముందు భాగంలో ఉంటే ఎస్21.111డి. అంతే. ఇందులో ఆరు స్థానాలూ నిండే ఉన్నాయి, ఎక్స్‌తో పని లేదు, గమనించారా?

ఇప్పుడు ఇదే రోగి కథను కొంచెం మారుద్దాం. రెండు వారాలకు కాదు, వారానికే తిరిగి వచ్చాడు. ఆయాసంతో వచ్చాడు. ఎక్స్‌రే తీస్తే ఎడమవైపు రక్తం చేరింది, గాలి లేదు. పక్కటెముకలు విరిగినప్పుడు ఇలా కొన్ని రోజుల తర్వాత రక్తం చేరడం జరుగుతుంది. మళ్లీ ట్యూబు పెట్టారు. ఇప్పుడు? రక్తం చేరడం హీమోథొరాక్స్, ఎస్27.1. దీనికి ఇవాళే చికిత్స మొదలైంది కాబట్టి ఎస్27.1ఎక్స్ఎక్స్ఎ. మరి ఎముకలు? వాటికి కొత్తగా చికిత్స ఏమీ లేదు, అతుకుతున్నాయి. ఎస్22.42ఎక్స్‌డి. ఒకే రోజు, ఒకే చార్టు, ఒక గాయానికి ‘ఎ’, ఇంకో గాయానికి ‘డి’. "మేడం, ఒక విజిట్‌లో అక్షరాలన్నీ ఒకేలా ఉండాలి కదా?" అని అడుగుతారు. ఎందుకు ఉండాలి? ఏ గాయం దశ ఆ గాయానిదే. రోగి మొత్తానికి ఒక్క ముద్ర వేస్తే, ఆ రోజు అతనికి ఏమి జరిగిందో కాగితం మీద తెలియదు.

‘జి’, ‘కె’ల గురించి. ఆరు వారాల తర్వాత ఎక్స్‌రే నివేదికలో "విరిగిన గీత ఇంకా కనిపిస్తోంది" అని ఉంది. పక్కటెముకలు సాధారణంగా ఆరు వారాల చుట్టూ అతుకుతాయి కదా, ఇంకా గీత కనిపిస్తోందంటే ఆలస్యమే కదా, ‘జి’ వేసేయనా? వేయకూడదు. గీత కనిపించడం ఎక్స్‌రే సంగతి. అతుకు ఆలస్యమైందని తీర్పు చెప్పవలసింది చికిత్స చేస్తున్న డాక్టరు. ఆయన రాయకపోతే అడగాలి. ప్రశ్న రాసి పంపాలి. అందులోనూ ఒక పద్ధతి ఉంది. "ఇది ఆలస్యమైన అతుకే కదా?" అని జవాబు చేతికిచ్చి అడగకూడదు. "ఎక్స్‌రేలో ఇలా ఉంది, అతుకు ఏ స్థితిలో ఉందో దయచేసి రాయండి" అని అడగాలి. అతకలేదని డాక్టరే రాసి, దాన్ని ప్లేటు పెట్టి బిగించడానికి ఆపరేషను చేస్తుంటే? ఆపరేషను చురుకైన చికిత్స కదా, ‘ఎ’ అనిపిస్తుంది. కానీ విరిగిన ఎముక అతకకపోవడం అనే చిక్కుకు ఇచ్చే చికిత్సకు ‘కె’నే వేయాలి. ఈ ఒక్క చోట మామూలు తర్కం పనిచేయదు, నియమాన్నే గుర్తుంచుకోవాలి.

పూర్తిగా నయమయ్యాక, ఏళ్ల తర్వాత

నాలుగు నెలల తర్వాత అదే రోగి వచ్చాడు. డాక్టరు రాశారు: "ఎముకలు పూర్తిగా అతికాయి, ఊపిరితిత్తి బాగుంది, ఏ ఇబ్బందీ లేదు, ఇక రానవసరం లేదు." ఇప్పుడు గాయమే లేదు. లేని గాయానికి ‘డి’ ఏమిటి? ఇక్కడ ‘జెడ్’ కోడ్‌కు చోటుంది. జెడ్09, చికిత్స పూర్తయ్యాక చేసే పరీక్ష. దానితోపాటు జెడ్87.81, గతంలో ఎముక విరిగి అతికిందని చెప్పే కోడ్. చూడండి, నయమవుతోందంటే గాయం కోడ్, నయమైపోయిందంటే జెడ్09. తేడా అంతా డాక్టరు రాసిన ఒక క్రియాపదంలో ఉంటుంది. అందుకే చార్టును పైపైన చూడకండి, చదవండి.

మరి నయమైంది, కానీ ఇబ్బంది మిగిలింది. అప్పుడు ‘ఎస్’, సీక్వెలా. రెండేళ్ల క్రితం ఎడమ పక్కటెముకలు విరిగాయి, అతికాయి, కానీ ఆ చోట నొప్పి తగ్గలేదు. డాక్టరు "పాత గాయం వల్ల దీర్ఘకాలిక నొప్పి" అని రాశారు. రెండు కోడ్‌లు కావాలి. ముందు ఇప్పటి ఇబ్బంది, జి89.21, గాయం వల్ల దీర్ఘకాలిక నొప్పి. తర్వాత దానికి మూలమైన గాయం, ఎస్22.42ఎక్స్ఎస్. ఇంకో ఉదాహరణ. హీమోథొరాక్స్ వచ్చింది, రక్తం పూర్తిగా బయటికి రాలేదు, ఊపిరితిత్తి చుట్టూ మందమైన పొర గట్టిపడింది. ముందు జె94.1, తర్వాత ఎస్27.1ఎక్స్ఎక్స్ఎస్. దీనికి కాలపరిమితి లేదు. ఏడాదికి కనిపించినా, పదేళ్లకు కనిపించినా సీక్వెలానే. ఒకటి మాత్రం చూసుకోండి. ఇప్పటి ఇబ్బంది ఆ పాత గాయం వల్లే వచ్చిందని డాక్టరు కలిపి రాయాలి. రెండూ చార్టులో ఉన్నాయి కదా అని మీరు ముడి వేయకూడదు.

ఇంకొక ప్రమాదం, అనుమానాలు. బయటి రోగుల విభాగంలో "పక్కటెముక విరిగి ఉండవచ్చు" అని రాస్తే విరిగినట్టు కోడ్ వేయకూడదు. నొప్పి అని ఉంటే నొప్పికి, కమిలిందని ఉంటే కమిలిన గాయానికి వేయాలి. పక్కటెముక విరుగుళ్లు మామూలు ఎక్స్‌రేలో చాలాసార్లు దొరకవు, అందుకే డాక్టర్లు ఈ "ఉండవచ్చు" ఎక్కువగా రాస్తారు. తర్వాతి విజిట్‌లో సీటీ స్కాన్‌లో తేలిందనుకోండి, ఆ రోజు నుంచి ఎస్22.

వయసు మళ్లిన ఆడవాళ్ల చార్టులు వచ్చినప్పుడు మరింత జాగ్రత్త. ఎముకలు గుల్లబారే జబ్బు ఉందని రాసి ఉండి, మామూలు ఎముక అయితే విరగనంత చిన్న దెబ్బకు పక్కటెముక విరిగితే, అది ఎస్22 కాదు, ఎం80 వరుస. ఆమె "బల్లకు తగిలింది" అని చెప్పినా సరే. ఇది తప్పుగా వేస్తే, ఎముకల జబ్బుకు చికిత్స కావలసిన మనిషి రికార్డులో కేవలం ప్రమాద బాధితురాలిగా మిగిలిపోతుంది. నాకు చాలా పట్టింపున్న విషయం ఇది.

ఒకరు చీటీ పంపారు. "మన ఆసుపత్రుల్లో ఇవే కోడ్‌లా?" మంచి ప్రశ్న. కావు. మన దేశంలో వైద్య రికార్డుల విభాగాలు వాడేది ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10. గాయం కోడ్ అదే వరుసలో ఉంటుంది, కానీ ఈ ఏడో అక్షరం ఉండదు. విరిగిన ఎముకకు చికిత్స అయ్యాక చేసే పరీక్షకు అక్కడ జెడ్09.4, కోలుకునే కాలానికి జెడ్54.4, పాత ఛాతీ గాయాల ఫలితాలకు టి91 వరుస. అంటే అమెరికా పుస్తకం వద్దన్న పద్ధతే అక్కడ సరైనది. పైగా ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-11 కూడా 2022 జనవరి 1న అమల్లోకి వచ్చింది. ఇక ఆయుష్మాన్ భారత్, మన ఒడిశాలో 2025లో గోపబంధు జన ఆరోగ్య యోజనతో కలిపి మొదలైంది కదా, అక్కడ ఆసుపత్రి డబ్బు అడిగేది చికిత్స ప్యాకేజీ కోడ్‌లతో. అది మళ్లీ వేరు. మీలో ఎవరైనా ఇక్కడి ఎంకేసీజీ మెడికల్ కాలేజీ లాంటి ఆసుపత్రి రికార్డుల విభాగంలో పని నేర్చుకుని ఉంటే, చాలా విలువైన అనుభవం అది, చార్టు చదవడం వచ్చేస్తుంది. కానీ ఉద్యోగంలో చేరిన మొదటి రోజే అడగండి, "ఏ దేశం చార్టు, ఏ పుస్తకం, ఏ ఏడాది కూర్పు?" అని. ఏటా అక్టోబరు 1న కోడ్‌లు మారతాయి, ఏప్రిల్‌లో కూడా మార్పులు రావచ్చు. సేవ అందిన తేదీని బట్టి కూర్పును ఎంచుకోవాలి, మీరు కోడ్ వేసే తేదీని బట్టి కాదు.

పరీక్ష గురించి అడిగినవాళ్లకు ఒక్క మాట. సీపీసీ, అంటే సర్టిఫైడ్ ప్రొఫెషనల్ కోడర్ పరీక్షలో వంద ప్రశ్నలు, నాలుగు గంటలు, 70 శాతం రావాలి. అనుమతించిన కోడ్ పుస్తకాలు వెంట ఉంచుకోవచ్చు. అంటే కంఠస్థం చేయడం కాదు, పుస్తకంలో వెతకడం రావాలి. ఎస్22 పేజీ తెరిచి, కోడ్ పైన చిన్న అక్షరాల్లో ఉన్న సూచనలు చదవండి. ఏడో అక్షరాల పెట్టె అక్కడే ఉంటుంది. ‘లోపలి గాయాన్ని ముందు రాయండి’ అన్న సూచన అక్కడే ఉంటుంది. మెడ ఎముక ఇక్కడ లేదన్న సంగతీ అక్కడే ఉంటుంది. నేను ఇవాళ చెప్పిన వాటిలో సగం ఆ ఒక్క పేజీలో ఉన్నాయి.

ఇప్పుడు మీకిచ్చిన కాగితాల్లో మూడోది తీయండి. 45 ఏళ్ల మహిళ, కారు ప్రమాదం, సీటు బెల్టు ఒత్తుడుకు రొమ్ముటెముక విరిగింది. ఇది ఐదో విజిట్. డాక్టరు కొత్తవారు. చివరి పేరాలో ఎక్స్‌రే గురించి ఒక వాక్యం, ఆపరేషను గురించి ఒక వాక్యం ఉన్నాయి. పావుగంట సమయం తీసుకోండి. పక్కవారితో మాట్లాడుకోవచ్చు, తెలుగులోనైనా ఒడియాలోనైనా. అక్షరం వేసిన తర్వాత, ఆ అక్షరాన్ని ఏ వాక్యం చూసి వేశారో దాని కింద గీత గీయండి. గీత లేని జవాబులు నేను చూడను.